పడుగులో లేని పోగులు

దత్తనగర్, సోలాపూర్
4 జూలై 2025

చి.ల.సౌ. తృప్తికి వదిన హర్షద ఆశీస్సులు.

ఇక్కడ అందరం బాగున్నాం అని రాయడం పద్ధతి కాబట్టి రాశాను. నా మట్టుకు నేను బాగా లేను.

ఫోన్ ఉండగా ఉత్తరం ఏమిటని నవ్వుకుంటావు, తెలుసు. మరాఠీ బడిలో చదివిన మనిద్దరికీ మామగారు పలక మీద తెలుగు దిద్దించింది ఉత్తరాలు రాసుకోవడానికే కదా. నువ్వు సూరత్ వెళ్లిన కొత్తలో నెలకొకటి రాసుకున్నాం, తర్వాత ఇద్దరం మానేశాం. ఇప్పుడు మళ్లీ మొదలుపెట్టడానికి కారణం ప్రేమ కాదు. మీ నాయన ఫోన్‌ని స్పీకర్ మీద పెట్టకుండా మాట్లాడరు. నేను నిన్నేదైనా అడిగితే గల్లీ చివరున్న పిండి గిర్నీ దాకా వినిపిస్తుంది. ఇప్పుడు నేను అడగబోయేది ఆయన చెవిన పడకూడదు.

మామగారి చూపు నీకు తెలిసిందే. ఆపరేషన్ చేసిన కన్నూ సరిగా రాలేదు, రెండోది కూడా మసకేసింది. అయినా రాఘవేంద్ర సేటు కోసం పెద్ద చద్దరు డిజైన్ ఒకటి మొదలుపెట్టారు. దానిమ్మ కొమ్మ. ఆకులు, పూలు, పగిలిన కాయలు. గ్రాఫ్ కాగితం మీద పెన్సిల్ గీత ఆయనది, దాన్ని కంప్యూటర్‌లోకి ఎక్కించి గడి గడికీ రంగు నింపడం నా పని. ఆరేళ్లుగా గడులు చేత్తో లెక్కపెట్టే ఎక్కించాను. ఇది నాలుగు కాగితాలు అతికించినంత పెద్దది కాబట్టి ఈసారి మీ అన్న ఒక కెమెరా కొన్నాడు. మెడ వంచి నిలబడుతుంది, దాని కింద కాగితం పెడితే బొమ్మ నేరుగా కంప్యూటర్‌లో పడుతుందట.

పడితే కదా. తగిలించగానే దానికి పచ్చ దీపం వెలుగుతుంది. ప్రోగ్రాం తెరిస్తే మాత్రం బూడిద రంగు డబ్బా ఒకటి వచ్చి, 'ఎంఎఫ్‌ప్లాట్' అనే ఫైల్ లేదు కాబట్టి ముందుకు పోలేను అంటుంది. మనకు ఈ పాత కంప్యూటర్ అమ్మిన తుషార్ వచ్చి చూసి, కెమెరాలోనే దోషం అన్నాడు. కెమెరా అమ్మినవాడు కంప్యూటర్‌లో దోషం అన్నాడు. ఇద్దరూ చాయ్ మాత్రం తాగి పోయారు.

ఈ చిక్కు మామగారికి చెప్పలేదు. పని సాగట్లేదని మొన్న ఆయన అన్న మాట అక్షరం పొల్లుపోకుండా రాస్తున్నాను. "హర్షదా, ఇది నీతోని అయితదా లేదా నక్కీ చెప్పు, పక్కాగ. కాకుంటే తృప్తిని పిలుస్త. నూలి పున్నమకు రాఖీ కట్టనీకి ఎట్లనో వస్తది. రెండు నెలలు ఉండుమంటే మొత్తం అదే జూసుకుంటది."

రెండు నెలలు నువ్వు కంప్యూటర్ ముందున్న కుర్చీలో కూర్చుంటే అది ఇక నాకు దక్కదు. తర్వాత నేను మీ అమ్మ పక్కన కూర్చుని బీడీలు చుట్టుకోవాలి. పుట్టింట్లో పదేళ్లు చుట్టాను, ఇంకా చాలదా? కాబట్టి సిగ్గు విడిచి నిన్నే అడుగుతున్నాను. నీ చీరల డిజైన్ ఆఫీసులో ఇలాంటి మిషన్లు పది ఉంటాయి. ఏం చేయాలో రాయి. నీ పేరు ఈ ఇంట్లో రోజుకు నాలుగుసార్లు వినిపిస్తుంది, విన్న ప్రతిసారీ నాకు ఒళ్లు మండుతుంది. అది వేరే సంగతి.

జవాబు మా ఇంటి అడ్రసుకు వెయ్యకు. పక్కింటి ప్రణాలి పేరు మీద వెయ్యి. ఆ పిల్ల కాలేజీ నుంచి వచ్చి నాకు ఇస్తుంది.

ఇట్లు,
నీ అన్న భార్య, ప్రస్తుతానికి కుర్చీలో ఉన్న హర్షద


ఉధ్నా, సూరత్
9 జూలై 2025

వదినకు నీ ఒక్కగానొక్క ఆడబిడ్డ నమస్కారాలు.

నీ ఉత్తరం చూసి ముందు భయపడ్డాను, ఎవరికేమైందోనని. చదివాక నవ్వొచ్చింది. నా పేరు రోజుకు నాలుగుసార్లేనా వినిపించేది? నేనున్నప్పుడు అమ్మ గంటకోసారి అరిచేది.

ఇక్కడ వారం నుంచి ఒకటే వాన. అభిజిత్ మిల్లుకు గొడుగు తీసుకుపోయి గొడుగు లేకుండా వస్తున్నాడు, ఈ నెలలో ఇది మూడోది. మగవాళ్లకు పెళ్లాం ఇచ్చిన వస్తువు మీద ఎందుకు పట్టింపు ఉండదో నువ్వేమైనా కనిపెట్టావా?

నీ కెమెరా సంగతి. ముందు కేబుల్ మార్చు. డబ్బాలో వచ్చిన కేబుళ్లు ఎప్పుడూ నాసిరకంగా ఉంటాయి. తర్వాత ముందు వైపు కాకుండా కంప్యూటర్ వెనక వైపు తగిలించు. అప్పటికీ కాకపోతే కెమెరా వాళ్ల ప్రోగ్రాం తీసేసి మళ్లీ వెయ్యి. ఇవి చాలు. ఇంత చిన్న పనికి కుర్చీ పోతుందని ఏడవడం ఏమిటి వదినా!

ఆ కుర్చీ గురించి ఒక మాట. అది కొనకముందు అక్కడ ఒక చెక్కపెట్టె ఉండేది. నాకు తొమ్మిదేళ్లప్పుడు నాయన దాని మీద నన్ను కూర్చోబెట్టి మొదటి గడి నింపించాడు. పద్నాలుగేళ్లకు నేను గీసిన అంచు మగ్గం మీదికి ఎక్కింది. నీకు తెలియదు కాబట్టి చెబుతున్నాను, ఎత్తిపొడవడానికి కాదు. ఇక్కడ నాకు గోడకు ఎదురుగా ఒక సీటు ఇచ్చారు. చీర అంచులకు పూలు పెట్టమంటారు, పెడతాను. ఎవరు పెట్టారని ఎవరూ అడగరు.

నాయన గీసే దానిమ్మ ఎలా ఉందో రాయనే లేదు. కాయలు ఎన్ని? ఆకు సన్నదా వెడల్పా? మర్చిపోకుండా రాయి.

ఇట్లు,
తృప్తి


దత్తనగర్, సోలాపూర్
14 జూలై 2025

తృప్తికి వదిన రాయునది.

కేబుల్ మార్చాను. ఒకటి కాదు, మూడు. వెనక వైపు తగిలించాను. ప్రోగ్రాం తీసేసి వేశాను, మళ్లీ తీసేసి మళ్లీ వేశాను. డబ్బా మాత్రం కదలకుండా ఎదురుగా నిలబడి అదే మాట అంటోంది. సూరత్ తెలివి సోలాపూర్‌లో పనిచేయదేమో.

అప్పుడు నా బుర్రతో ఆలోచించాను. మగ్గం మీద పోగు తెగిపోయిందనుకో, ఏం చేస్తాం? పక్క బాబిన్ నుంచి పోగు తెచ్చి ముడేస్తాం. దీనికీ అంతే కదా! లేదంటున్న ఫైల్ ఒక్కటి, అది ఇంకో కంప్యూటర్‌లో ఉంటుంది. ప్రణాలి ల్యాప్‌టాప్‌లో వెతికాం, దొరికింది. పెన్‌డ్రైవ్‌లో తెచ్చి మన దాంట్లో పెట్టాను. ప్రోగ్రాం తెరిచాను. నమ్ముతావా, ఆ ఫైల్ మాట ఎత్తలేదు! ఇప్పుడు 'ఎంఎఫ్‌రీడ్‌రైట్' అనే ఇంకొకటి లేదంటోంది. లేదంటే లేదననీ. ఒక ముడి పడింది, రెండోది పడదా? మీ అన్న అనికేత్ చూసి "అరే, నువ్వు మేస్త్రీవైనవ్ గద!" అన్నాడు. పెళ్లయిన ఎనిమిదేళ్లలో ఆయన నన్ను మెచ్చుకున్నది ఇది రెండోసారి. మొదటిది పచ్చి రొయ్యల కూరకు.

ఇక అసలు సంగతి. ఆదివారం నీ ఫోన్ అయ్యాక మామగారు నన్ను పిలిచి, "కంప్యూటర్ల ఏదో త్రాస్ ఉన్నదంట గద, నాకు చెప్పలేవేంది?" అని అడిగారు. మీ అన్న, ప్రణాలి నోరు విప్పరు, వాళ్లు కాక నేను చెప్పింది నీకే. ఉత్తరం ప్రణాలి పేరు మీద వెయ్యమన్నది ఎందుకో అర్థం కాలేదా? అర్థమయ్యే చేశావా? నీ పుట్టింటి కుర్చీ నీకు కావాలంటే నేరుగా అడుగు. నా వెనక నుంచి లాగకు.

దానిమ్మ కాయలు పదకొండు. ఆకు సన్నది. అడిగావు కాబట్టి చెప్పాను.

హర్షద


ఉధ్నా, సూరత్
18 జూలై 2025

వదినకు.

నమస్కారం పెట్టాలని లేదు, అయినా పెడుతున్నాను.

ఆదివారం నేను నాయనతో మాట్లాడింది ఏడు నిమిషాలు. అందులో ఐదు నిమిషాలు ఆయన కంటి చుక్కల గురించి, ఒక నిమిషం వాన గురించి. మిగతా నిమిషం ఎప్పటిలాగే ఆయన మాట్లాడాడు, నేను విన్నాను. ఏం మాట్లాడాడో ఇప్పుడు రాయను. నీ కెమెరా మాట నా నోట రాలేదు. మీ తుషార్ చౌక్‌లో నిలబడి చెప్పుకోవడానికి ఏం తక్కువ? అతన్ని అడగకుండా నన్ను అన్నావు. ఆ ఇంటి నుంచి బయటికి వెళ్లిన మనిషి మీద ఏ నేరమైనా సులువుగా మోపొచ్చు, ఎదురు చెప్పడానికి అక్కడ ఉండదు కాబట్టి.

పోగు ముడేసిన ఆలోచన బాగానే ఉంది. మిగతావి కూడా అలాగే తెచ్చి వేసుకో. ఏది అడిగితే అది వెయ్యి. అన్నీ పడ్డాక అదే నడుస్తుంది.

అభిజిత్ నాలుగో గొడుగు పోగొట్టాడు.

తృప్తి


దత్తనగర్, సోలాపూర్
23 జూలై 2025

తృప్తికి.

నువ్వు చెప్పినట్టే చేశాను. ఏది అడిగితే అది తెచ్చి వేశాను. మొత్తం ఏడు ముడులు. ఏడోది పడ్డాక కంప్యూటర్ ఆపి, మళ్లీ వేశాను. కెమెరా ప్రోగ్రాం తెరుచుకోలేదు సరే, నేను రోజూ రంగులు నింపే డిజైన్ ప్రోగ్రాం కూడా తెరుచుకోవడం మానేసింది. ఉన్నదీ పోయింది.

తుషార్ సంగతి నువ్వు చెప్పింది నిజమే. చౌక్‌లో మామగారితో అన్నది అతనేనట. నిన్ను అన్నందుకు తప్పు ఒప్పుకుంటున్నాను. ఇంతకన్నా వంగి రాయడం నాకు చేతకాదు.

నిన్న జరిగింది విను. నేను వంటింట్లో ఉన్నాను. మామగారు గ్రాఫ్ కాగితాలు నేల మీద పరుచుకుని, భూతద్దం పట్టుకుని, తనే రంగులు నింపడం మొదలుపెట్టారు. రెండు గంటలు అలా బోర్లా పడుకుని గడులు నింపారు. నేను వెళ్లి చూసేసరికి ఆకు గడులన్నిటికీ ఎరుపు వేసి ఉంది. మీ అమ్మ బీడీల చాట పక్కన పెట్టి వచ్చి చూసి, "గిదేంది, ఆకు ఎర్రగ ఉన్నదేంది?" అనేసింది. అత్తమ్మకు నోటికీ మనసుకీ మధ్య తలుపు లేదు కదా. ఆయన కాగితం కంటికి దగ్గరగా పెట్టుకుని చూశారు, దూరంగా పెట్టి చూశారు. తర్వాత పెన్సిళ్లు డబ్బాలో వేసి మూతపెట్టారు. "బస్. ఇగ తృప్తి రావాలె" అన్నారు.

మీ అన్నతో నీకు టికెట్ తీయమని చెప్పారు. నీకు కబురు ఆదివారం అందుతుంది, నేను ముందే చెప్పేస్తున్నాను.

నీకు కావలసింది ఇదే కదా? రా. వచ్చి కూర్చో. నేను ఈ ఇంటికి వచ్చినప్పుడు నాకు గడి లెక్కపెట్టడం కూడా రాదు. నువ్వు వదిలిపోయిన పని కాబట్టి నేర్చుకున్నాను. నేను ఏ డిజైన్ పూర్తి చేసినా ఆయన వేళ్లతో తడిమి, "తృప్తి అయితే గీ మూల ఇంకోతీరు మలుపుతుండె" అంటారు. ఆరేళ్లు! ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి 'బాగ చేసినవ్ హర్షదా' అని ఉంటే నేను నీ మీద ఇంత కుళ్లుకునేదాన్ని కాదేమో. ఇక్కడ లేని మనిషితో పోటీ పడటం ఎంత కష్టమో నీకేం తెలుసు? నువ్వు ఎప్పుడూ అలిసిపోవు, నీకు తలనొప్పి రాదు, నువ్వు రంగు తప్పు వెయ్యవు.

ఇక రాయను.

హర్షద


ఉధ్నా, సూరత్
28 జూలై 2025

నాయనకు, వదినకు తృప్తి నమస్కారాలు.

ఈ ఉత్తరం ప్రణాలి పేరు మీద వెయ్యలేదు. నాయన పేరు మీద, మన ఇంటి అడ్రసుకే వేశాను. నాయన ఆ చూపుతో చదువుకోలేడు కాబట్టి వదినే చదివి వినిపించాలి. వదినా, నువ్వు ముందు ఒక్కదానివే చదువుకుంటావని తెలుసు. చదువుకో. తర్వాత చదివి వినిపిస్తావో, చింపి పొయ్యిలో వేస్తావో నీ ఇష్టం. నిన్న ఆదివారం ఫోన్‌లో నాయన "లవకర్ రా బిడ్డా, జల్ది రా" అన్నప్పుడే చెప్పేద్దామనుకున్నాను. స్పీకర్‌లో వెనక నుంచి నీ గాజుల చప్పుడు వినిపించింది, వాన మాట ఎత్తి ఫోన్ పెట్టేశాను.

నాయనా, వదిన ఈ నెల మొదట్లోనే కెమెరా కష్టం గురించి నాకు రాసింది. మొదటి ఉత్తరం చదువుతుండగానే రోగం ఏమిటో నాకు తెలిసిపోయింది. మా ఆఫీసులో పోయిన దీపావళి ముందు అచ్చంగా ఇదే జరిగింది. కెమెరాలో దోషం లేదు, కేబుల్‌లో లేదు. సిస్టమ్‌లో పాటలూ వీడియోలూ నడిపే సరంజామా తీసేసి ఇచ్చే రకం ఒకటి ఉంటుంది. దాని పేరు చివర 'ఎన్' అనే అక్షరం ఉంటుంది. కెమెరాలు కూడా ఆ సరంజామా మీదే నడుస్తాయి. అది లేకపోతే ఆ డబ్బానే వస్తుంది. ఒక్కొక్క ఫైల్ తెచ్చి అతికిస్తే బాగుపడదు, చెడుతుంది.

చేయాల్సింది ఇది. ముందు వదిన తెచ్చిపెట్టిన ఏడూ తీసెయ్యాలి. తర్వాత సెట్టింగ్స్‌లో యాప్స్ అనే చోట, ఆప్షనల్ ఫీచర్స్ తెరిస్తే, కొత్తవి చేర్చే జాబితాలో మీడియా ఫీచర్ ప్యాక్ అని ఉంటుంది. దానికి టిక్ పెట్టి, నెట్ నుంచి దిగేదాకా ఆగి, కంప్యూటర్ ఆపి మళ్లీ వెయ్యాలి. అంతే. అరగంట పని.

తెలిసి కూడా కేబుల్ మార్చమని రాశాను. ముడులు వేస్తోందని తెలిశాక ఆపమనలేదు, ఇంకా వెయ్యమన్నాను. చెడిపోతుందని తెలిసే రాశాను. నాయన నన్ను పిలవాలని నా ఆశ. నా మనసులో ఇంత విషం ఉందని నాకే తెలియదు అని రాద్దామనుకున్నాను. అది అబద్ధం. తెలుసు.

వదినా, ఆయన నా పేరే ఎత్తుతాడని రాశావు చూడు, అది నిజమా అని మళ్లీ చదివాను. ప్రతి ఆదివారం నాకు వినిపించేది ఏమిటో తెలుసా? "మా హర్షద గీ వారం రెండు డిజైన్లు చేసింది. హర్షద చెయ్యి మస్తు సాఫ్ ఉంటది. హర్షద లేకుంటే నా పని బంద్ అయితుండె." పోయిన ఉత్తరంలో రాయనన్నది ఆ నిమిషం గురించే. నువ్వు చాయ్ పెట్టడానికి లోపలికి వెళ్లాకే మొదలుపెడతాడు కాబోలు. ప్రతి ఆదివారం ఫోన్ పెట్టేశాక అభిజిత్ నా మొహం చూసి, టీవీ సౌండ్ పెంచుకుంటాడు.

నాయన ఎరుపు వేసిన ఆకుల గురించి చదవకపోయి ఉంటే ఇది రాసేదాన్ని కాదు. ఇది కూడా నిజమే రాస్తున్నాను. నీ కోసం కాదు.

టికెట్ తీయొద్దని అన్నకు చెప్పండి.

తృప్తి


దత్తనగర్, సోలాపూర్
1 ఆగస్టు 2025

తృప్తికి వదిన ఆశీస్సులు.

నీ ఉత్తరం నిన్న గురువారం వచ్చింది. నువ్వు అనుకున్నట్టే ముందు వంటింట్లో తలుపేసుకుని చదివాను. చదివి నవ్వాను. ఎందుకంటే మన కంప్యూటర్ మంగళవారం నుంచే నడుస్తోంది.

ఎలాగంటావా? నీకు చివరి ఉత్తరం వేశాక నాలుగు రోజులు దాని వైపు చూడలేదు. సోమవారం మీ అన్న పడుగు చుట్టిన కొత్త బీము మగ్గానికి ఎక్కిస్తూ ఎవరినో తిడుతున్నాడు. ఏమైందంటే, పడుగు చుట్టేటప్పుడే ఒక అంచున పన్నెండు పోగులు తక్కువ చుట్టారట. మగ్గం దగ్గర ఎన్ని ముడులు వేసినా లాభం లేదు, అసలు పోగులే లేవు కదా, వెనక్కి పంపి మళ్లీ చుట్టించాలి అంటున్నాడు. అక్కడే నాకు తట్టింది. నేను తెగిన పోగు అనుకున్నది తెగింది కాదు, చుట్టనే లేదు. ఏడు ముడులూ విప్పేశాను. డిజైన్ ప్రోగ్రాం తెరుచుకుంది. తర్వాత ప్రణాలి ల్యాప్‌టాప్ పక్కన పెట్టుకుని రెండిట్లో సిస్టమ్ పేరు చూశాం. మన దానికి చివర ఆ ఒక్క అక్షరం ఎక్కువ ఉంది. ప్రణాలి నెట్‌లో వెతికి చదివి చెప్పింది, నేను చేశాను. మంగళవారం మధ్యాహ్నం కెమెరా తెరుచుకుంది. దాని కింద నా చెయ్యి పెట్టి చూసుకున్నాను. నా వేళ్లు తెర మీద కనిపించాయి, బీడీ ఆకు కత్తెర గాట్లతో సహా. ఎంతసేపు చూశానో తెలియదు.

ఇక వినదగ్గది చెబుతాను. మంగళవారం బాగైంది, నేను ఎవరికీ చెప్పలేదు. మీ అన్నకు కూడా. నువ్వు తెలిసి దాచావని అప్పటికే నాకు అనుమానం. పది మిషన్ల మధ్య కూర్చునేదానికి ఇది తెలియకపోవడం ఏమిటి? నిన్ను రానివ్వాలనుకున్నాను. రాఖీ కట్టి, అందరూ చుట్టూ చేరాక, నువ్వు ఆ కుర్చీలో కూర్చుని బాగుచేయబోతుండగా, పక్కనుంచి వచ్చి స్విచ్ వేసి చూపిద్దామనుకున్నాను. అప్పుడు నీ మొహం ఎలా ఉంటుందో రెండు రోజులు ఊహించుకున్నాను. రొట్టెలు చేస్తూ కూడా ఊహించుకున్నాను. నీ ఉత్తరం వచ్చి అంతా పాడుచేసింది.

నిన్న సాయంత్రం మామగారికి చదివి వినిపించాను. ఒక్క ముక్క కూడా వదల్లేదు. నీ మీద జాలిపడి నీ తప్పు దాచేంత మంచిదాన్ని కాను. కానీ 'హర్షద చెయ్యి మస్తు సాఫ్' అన్నచోట ఆగిపోయాను. ఆ ముక్క రెండుసార్లు చదవాల్సి వచ్చింది. ఆయన వేరే వైపు తిరిగి కూర్చున్నారు. ఆరేళ్లలో ఆ మాట నేను విన్నది నిన్ననే, అదీ నా గొంతుతోనే.

అంతా విని, "సరె, అది చెప్పినట్ల చేసి జూడు" అన్నారు.

"చేసిన మామా. మంగళవారమే చేసిన. నడుస్తున్నది" అన్నాను. ఎందుకు చెప్పలేదని అడిగారు. చెప్పాను, నీ మొహం చూడాలనుకున్నదానితో సహా. నీ ఉత్తరం చదివాక అబద్ధం నోట రాలేదు.

మీ అమ్మ బీడీలు చుట్టడం ఆపి చూస్తోంది. ఆయన, "దానికి తెలిసి చెప్పలే. నీకు చేతనై చెప్పలే. నాకేమో మెచ్చుకునుడు మొకం మీద చెయ్యరాదు. ముగ్గురం ఒక్క ఇంటోళ్లమే అనిపించుకున్నం" అన్నారు. మీ అమ్మ మాత్రం, "మరి నన్నెందుకు ఇడిచిపెట్టినవ్?" అంది.

తర్వాత ఆయన అన్న మాట నీకు నొప్పి కలిగిస్తుంది. దాచిపెట్టొచ్చు, కానీ నువ్వు దాచలేదు కాబట్టి రాస్తున్నాను. "హర్షదా, ఇగ కుర్సీల నువ్వే కూసో. తృప్తిని పిలుసుడు వద్దు. అది రాఖీకి వచ్చి పోతది. మిషిని బాగైందని దానికి రాయి, ఖుష్ అయితది."

అందుకే రాస్తున్నాను. ఖుషీ అయ్యావా? నిజం రాయి. మర్యాదకు రాయకు.

హర్షద


ఉధ్నా, సూరత్
5 ఆగస్టు 2025

వదినకు తృప్తి నమస్కారాలు.

నిజం రాయమన్నావు. ఖుషీ కాలేదు. 'పిలుసుడు వద్దు' అన్నచోట కాగితం మడిచిపెట్టి, లేచి వెళ్లి, మళ్లీ వచ్చి చదివాను. నువ్వు స్విచ్ వేసి నా మొహం చూడాలనుకున్నావు కదా, ఈ మొహం చూసి ఉంటే నీకు కడుపు నిండేది. నువ్వు మంగళవారమే కనిపెట్టావని చదివినప్పుడు ఇంకా మండింది. నేను గొప్పగా తప్పు ఒప్పుకుని, నీకు దారి చూపించానని అనుకుంటున్నాను. నీకు నా దారి అక్కర్లేకపోయింది.

శుక్రవారం రాత్రి బండికి బయలుదేరుతున్నాం. రాఖీ కట్టి, ఆ రోజే ఊరేగే మార్కండేయ రథం చూసి, ఆదివారం తిరుగు బండి ఎక్కుతాం. తిరుగు టికెట్ నేనే తీశాను, ఎవరూ చెప్పకముందే. వచ్చినప్పుడు నన్ను ఆ కుర్చీలో కూర్చోమని మర్యాద చేయకు. చేస్తే కూర్చుంటాను, మళ్లీ లేవడం నాకు కష్టమవుతుంది.

మొన్న రాత్రి అన్న నాకు ఫోన్‌లో దానిమ్మ డిజైన్ ఫోటో పంపాడు. నువ్వు సగం దాకా నింపావట. మధ్య కాయను నువ్వు పక్కకు జరిపావు. నాయన గీతలో అలా ఉండదని నాకు తెలుసు, నేనైతే జరిపేదాన్ని కాదు. పెద్దది చేసి చూశాను. ఆకుల మలుపులు చూశాను, అంచు చూశాను, గింజల దగ్గర ఎరుపు పక్కన నువ్వు వేసిన రెండో ఎరుపు చూశాను. నిన్న ఆఫీసుకు తీసుకెళ్లి పెద్ద తెర మీద పెట్టుకుని కూడా చూశాను. ఒక్క తప్పు దొరికితే చాలు, ఉత్తరం దాంతోనే మొదలుపెడదామని.

దొరకలేదు వదినా.

తృప్తి